చూపించడానికి ఒక గది: విజయవాడలో ప్రయోగాత్మక లఘుచిత్రం

విజయవాడ గాంధీనగర్‌లో సినిమా అంటే ఏరియాల లెక్క. నైజాం (తెలంగాణ), సీడెడ్ (రాయలసీమ), ఉత్తరాంధ్ర, ఈస్ట్, వెస్ట్, కృష్ణా, గుంటూరు, నెల్లూరు అని తెలుగు సినిమా ముక్కలుగా అమ్ముడుపోతుంది. అందులో కృష్ణా ఏరియా బేరాలు దశాబ్దాలుగా ఈ వీధుల్లోనే తెగుతున్నాయి. 1921లోనే మారుతీ టాకీస్ వెలిసిన ఊరు ఇది. సినిమా తీసే పని మద్రాసులో సాగింది, తర్వాత హైదరాబాద్ చేరింది. చూడటం, అమ్మడం మాత్రం ఇక్కడే ఉండిపోయాయి. అందుకే ఈ ఊళ్లో కుర్రాడెవరైనా కెమెరా పట్టుకుంటే మొదట వినిపించే ప్రశ్న "కథేంటి?". ఆ తర్వాతది "ఎవరికి చూపిస్తావ్?". రెండో ప్రశ్నకు మామూలుగా ఒకటే జవాబు: హైదరాబాద్‌లో ఎవరో ఒక నిర్మాతకు.

తెలుగులో షార్ట్ ఫిల్మ్ అనే మాట ఈ జవాబు చుట్టూనే పెరిగింది. యూట్యూబ్‌లో షార్ట్ ఫిల్ములతో పేరు తెచ్చుకుని 2014లో సుజీత్, 2016లో తరుణ్ భాస్కర్ తమ మొదటి సినిమాలు విడుదల చేశారు. వాళ్ల తర్వాత వందలమంది అదే తోవ పట్టారు. అది గౌరవప్రదమైన దారే. తెలిసినవాళ్లు లేకుండా పరిశ్రమలో అడుగుపెట్టడానికి అంతకంటే న్యాయమైన పద్ధతి అంతకు ముందు లేదు. కాకపోతే దానివల్ల ఒక నష్టం జరిగింది. షార్ట్ ఫిల్మ్ అంటే పెద్ద సినిమాకు విజిటింగ్ కార్డు అని అందరి మనసులో స్థిరపడిపోయింది. పది నిమిషాల్లో ఒక ప్రేమ, ఒక మలుపు, ఒక పాట, చివర్లో ఒక ట్విస్ట్. పెద్ద సినిమా ఎలా ఉంటుందో చిన్న సైజులో చూపించాలి. ఈ లెక్కలో ప్రయోగాత్మక లఘుచిత్రానికి చోటు లేదు, ఎందుకంటే అది దేనికీ నమూనా కాదు. నాలుగు నిమిషాల సినిమా నాలుగు నిమిషాలే ఉండాలని తీసింది. దాన్ని సాగదీసి రెండు గంటలు చేస్తే చచ్చిపోతుంది.

"ప్రయోగాత్మకం" అనే మాటను మనం చాలా ఉదారంగా వాడుతున్నాం. పాటలు లేకపోతే ప్రయోగం, హీరో చనిపోతే ప్రయోగం, డ్రోన్ షాట్ ఎక్కువసేపు ఉంటే ప్రయోగం. అసలు అర్థం ఇంతకంటే చాలా కచ్చితమైనది. సినిమా తన సామగ్రినే, అంటే వెలుతురును, కాలాన్ని, శబ్దాన్ని, కోతను (ఎడిటింగ్‌ను), ఫిల్మునే ప్రశ్నగా పెట్టుకోవడం. "ఇలా చేస్తే ఏమవుతుంది?" అనే కుతూహలంతో మొదలై, ఏమైందో మనకు చూపించి ఆగడం.

ప్రపంచంలో అందరూ మొదట చెప్పుకునే ఉదాహరణ 1943 నాటిది. మాయా డెరెన్, ఆమె భర్త అలెగ్జాండర్ హామిడ్ కలిసి లాస్ ఏంజెలిస్‌లో తాము ఉంటున్న ఇంట్లోనే 16 ఎం.ఎం. కెమెరాతో సుమారు 14 నిమిషాల 'మెషెస్ ఆఫ్ ది ఆఫ్టర్‌నూన్' తీశారు. ఒకామె ఇంటికొస్తుంది, కుర్చీలో నిద్రపోతుంది. తాళంచెవి, కత్తి, పువ్వు, మెట్లు అవే మళ్లీ మళ్లీ వస్తాయి. వచ్చిన ప్రతిసారీ వాటి బరువు మారిపోతుంది. తెలిసిన ఇల్లే తెలియనిదైపోతుంది. అప్పుడు దానికి సంగీతం కూడా లేదు. ఈరోజు మనం వింటున్న సంగీతాన్ని టైజీ ఇటో 1959లో చేర్చారు. ఇందులో ఖర్చు పెట్టించే వస్తువు ఒక్కటీ లేదు. ఒక ఇల్లు, ఇద్దరు మనుషులు, ఒక మధ్యాహ్నం.

ఇరవయ్యేళ్ల తర్వాత, 1963లో, స్టాన్ బ్రాకేజ్ కెమెరా కూడా వద్దనుకున్నాడు. దీపం దగ్గర రాలిపోయిన పురుగుల రెక్కలు, గడ్డిపరకలు, పూరేకులు ఏరి, వాటిని రెండు పారదర్శకమైన టేపుల మధ్య అంటించి, ఆ పట్టీనే ఫిల్ముగా ముద్ర వేయించాడు. అదే 'మాత్‌లైట్'. సుమారు నాలుగు నిమిషాలు తెరమీద రెక్కలు రెపరెపలాడతాయి, అంతే. దీపానికి బలైపోయిన పురుగులు ప్రొజెక్టర్ దీపంతో మళ్లీ కదులుతున్నాయని గ్రహించినప్పుడు మాత్రం ఒళ్లు జలదరిస్తుంది. వానాకాలంలో ట్యూబ్‌లైటు కింద ఉసుళ్లు రాలడం చూసిన వాళ్లకు దీన్ని వివరించి చెప్పాల్సిన పని లేదు. క్రిస్ మార్కర్ 1962లో తీసిన 'లా జెటే' దాదాపు మొత్తం నిశ్చల ఫొటోలతోనే నడుస్తుంది. 28 నిమిషాల్లో ఒకే ఒక్కచోట బొమ్మ నిజంగా కదులుతుంది: పడుకున్న స్త్రీ కళ్లు తెరిచే క్షణం. సెకనుకు 24 బొమ్మల కదలికను పుట్టినప్పటి నుంచి చూస్తున్న కళ్లకు, కదలిక ఎంత అద్భుతమో తెలియాలంటే ముందు దాన్ని ఆపి చూపించాలన్నమాట.

ఇవన్నీ విదేశీ సరదాలు, మన ప్రేక్షకుడికి ఎక్కవు అనే మాట తరచూ వినపడుతుంది. ఆ మాట చరిత్రకు నిలవదు. 1948లో ఏర్పడిన ఫిల్మ్స్ డివిజన్ సినిమాలను హాళ్లలో అసలు సినిమాకు ముందు వేయడం తప్పనిసరిగా ఉండేది. మనవాళ్లు వాటన్నిటినీ కలిపి "న్యూస్ రీలు" అనేవాళ్లు. ఆ ప్రభుత్వ సంస్థలోనే 1960ల చివర్లో ప్రమోద్ పతి కూర్చుని 'ఎక్స్‌ప్లోరర్' లాంటిది తీశారు. 1968 నాటి ఆ సినిమాలో వ్యాఖ్యానం ఉండదు. యువకులు, పూజలు, యంత్రాలు ఊపిరి తిప్పుకోనివ్వని వేగంతో కోతలు పడుతూ వెళ్లిపోతాయి. 1972లో ఆయనే చిత్రకారుడు ఆబిద్ సుర్తీని ఒక గదిలో పెట్టి, మనిషిని బొమ్మలాగా ఫ్రేము ఫ్రేముకూ కదిలిస్తూ 'ఆబిద్' తీశారు. ఎస్.ఎన్.ఎస్. శాస్త్రి 1967లో, స్వతంత్ర భారతంతో పాటు పుట్టిన ఇరవయ్యేళ్ల పిల్లల మాటలతో 'ఐ యామ్ 20' చేశారు. ప్రభుత్వ ఖర్చుతో, ప్రభుత్వ స్టాంపుతో ఇంత తెగువ ఎలా సాధ్యమైందో ఈరోజు చూస్తే ఆశ్చర్యంగా ఉంటుంది.

తెలుగు పాఠకుడి సంగతి తీసుకుంటే ఈ అపవాదు ఇంకా అన్యాయం. మన దగ్గర కవిత్వంలో ప్రయోగానికి ఎన్నడూ కరువు లేదు. తిక్కవరపు పట్టాభిరామిరెడ్డి 1939లోనే 'ఫిడేలు రాగాల డజన్' వేసి ఛందస్సు నడుము విరగ్గొట్టారు. శ్రీశ్రీ కలల తర్కంతో నడిచే సర్రియలిజాన్ని బాహాటంగా తెలుగులోకి తెచ్చుకున్నారు. అలాంటి కవిత చదివి "ఇంతకీ కథేంటి?" అని ఎవరూ అడగరు. సినిమా దగ్గరకొచ్చేసరికి మాత్రం అడుగుతాం. అదే పట్టాభి 1970లో దర్శకుడిగా దేశానికి గొప్ప సినిమా ఇచ్చారు, కానీ అది కన్నడంలో. 'సంస్కార' తీసిన మనిషి తెలుగు కవి అని గుర్తొచ్చినప్పుడల్లా, మన సినిమా ఏం పోగొట్టుకుందో తలుచుకుని బాధ కలుగుతుంది.

పరికరాల మాటకొస్తే, డెరెన్ కాలంలో ఉన్న అడ్డంకుల్లో చాలాభాగం ఈరోజు లేవు. ఫోన్ ఉంటే చాలంటారు, నిజమే. కానీ ఫోన్ ఒక పెద్దమనిషిలాగా అన్నీ తనే సర్దేస్తుంది. నీడ పడితే వెలుగు పెంచుతుంది, నిశ్శబ్దం వస్తే మైకు గ్రహించే స్థాయి (గెయిన్) పెంచి ఫ్యాన్ హోరును ముందుకు తెస్తుంది, ముఖం కనిపిస్తే దానిమీదే ఫోకస్ పెడుతుంది. ప్రయోగం చేసేవాడు మొదట చేయాల్సింది ఈ సర్దుబాట్లన్నీ ఆపడం. ఎక్స్‌పోజర్ (బొమ్మలోకి వచ్చే వెలుగు మోతాదు) లాక్ చేయాలి, ఫోకస్ లాక్ చేయాలి, శబ్దాన్ని విడిగా తీసుకోవాలి. మన కరెంటు 50 హెర్ట్జ్, అంటే సెకనుకు 50 చుట్లు; ఒక్కో చుట్టులో రెండుసార్లు వెలుగు తగ్గుతుంది. కాబట్టి చాలా దీపాలు సెకనుకు 100 సార్లు మినుకుతాయి. షటర్‌ను, అంటే ఒక్కో బొమ్మకు వెలుగు తీసుకునే సమయాన్ని, 50లో లేదా 100లో ఒక వంతు సెకను దగ్గర పెడితే ఆ మినుకు కనపడదు. వేరే అంకె పెడితే తెరమీద నల్లటి పట్టీలు జారుతూ పోతాయి. పెళ్లి వీడియో తీసేవాళ్లకు ఇది తప్పు. ప్రయోగం చేసేవాళ్లకు మాత్రం ఒక రంగు దొరికినట్టే. రాత్రి పూట బీసెంట్ రోడ్డు దుకాణాల దీపాలన్నీ ఒక్కొక్కటి ఒక్కో లయలో కొట్టుకోవడం మామూలు కంటికి కనిపించదు, ఈ "తప్పు" అంకెతో కనిపిస్తుంది. అలాగే ఫోన్ సెన్సర్ బొమ్మను ఒకేసారి కాకుండా వరసవరసగా చదువుతుంది. అందుకే వేగంగా వెళ్లే రైలు కిటికీలోంచి చూస్తే స్తంభాలు వాలిపోయినట్టు కనిపిస్తాయి. జంక్షన్ ఊళ్లో ఉంటూ రైలు ఎక్కనివాడు ఉండడు. ఒక్క ప్రయాణంలో ఈ సినిమా తయారవుతుంది.

కొండపల్లి బొమ్మలతో స్టాప్ మోషన్ (బొమ్మను కాస్త కాస్త జరుపుతూ ఒక్కో ఫొటో తీసి కదిలినట్టు చూపించడం) చేయాలనే ఆలోచన ఇక్కడ ఎవరికైనా వస్తుంది. చేయదగినదే, కానీ లెక్క ముందే తెలిసి ఉండాలి. సెకనుకు 12 బొమ్మల చొప్పున నాలుగు నిమిషాలకు 2,880 ఫొటోలు. రోజుకు 300 తీసినా పది రోజుల పని. పైగా తెల్లపొణికి కర్రతో చేసిన ఆ బొమ్మల్లో ఎక్కువ వాటికి చేతులు, కాళ్లు కదలవు, ముఖం మారదు. తాడిచెట్టు ఎక్కే మనిషి ఎప్పటికీ అదే భంగిమలో ఉంటాడు. యానిమేషన్ వచ్చినవాళ్లు దీన్ని ఇబ్బంది అనుకుంటారు. నిజానికి సినిమా ఉన్నది ఆ కదలని ముఖంలోనే. బొమ్మ మారదు, దాని మీద పడే ఎండ మారుతుంది. పొద్దున్నుంచి సాయంత్రం దాకా కిటికీ వెలుగు దాని మీదుగా నడిచిపోతే అదే అభినయం.

అయితే ఈ ఊరికి అన్నిటికంటే సంపన్నమైన ముడిసరుకు బీరువాల్లో ఉంది. 1980ల చివరి నుంచి 2000ల మొదటి దాకా తీసిన పెళ్లి క్యాసెట్లు. అమెరికాలో బ్రూస్ కానర్ 1958లో పాత న్యూస్ రీళ్లు, ఇతరుల సినిమాల ముక్కలు అతికించి 12 నిమిషాల 'ఎ మూవీ' చేశాడు. ఇతరులు తీసిన ఫుటేజీని కొత్త అర్థంతో పేర్చే పద్ధతికి అది మూలస్తంభం. మనకు అంత దూరం వెతుక్కోనక్కర్లేదు. ఒక్కో క్యాసెట్‌లో మూడు గంటల జీవితం ఉంది. మిక్సింగ్‌లో వేసిన హృదయం ఆకారాలు, పేజీ తిప్పినట్టు తిరిగే బొమ్మలు, జీలకర్ర బెల్లం మీద సినిమా పాట. ఇవన్నీ పైపై సంగతులు. అసలు విలువైనవి అంచుల్లో ఉన్నాయి. భోజనాల బంతిలో వీడియో లైటు ముఖం మీద పడగానే తింటున్న మనిషి చెయ్యి ఆపేయడం, నవ్వాలో వద్దో తేల్చుకోలేక తల దించుకోవడం. పెళ్లికూతురి వెనక విసనకర్రతో నిలబడి, తను ఫ్రేములో ఉన్నానని తెలియని పిన్ని. ఇరవై క్యాసెట్లలోంచి లైటు తగిలి తల తిప్పుకున్న ముఖాలు మాత్రమే ఏరి ఐదు నిమిషాలు పేరిస్తే, కెమెరా అనే వస్తువు మన ఇళ్లలోకి వచ్చినప్పుడు మనుషులు దాన్ని ఎలా ఎదుర్కొన్నారో తెలుస్తుంది. ఇంత చరిత్ర ఏ ఫీచర్ సినిమాలోనూ దొరకదు.

దీనికి వ్యవధి కూడా తక్కువే. కృష్ణా తీరపు తేమకు క్యాసెట్ టేపుకు బూజు పడుతుంది, అయస్కాంతపు పూత రాలిపోతుంది. వీసీఆర్ తయారీ కూడా ఆగిపోయింది; చివరిదాకా చేసిన జపాన్ కంపెనీ ఫునై 2016లో మానేసింది. మూడు గంటల క్యాసెట్‌ను కంప్యూటర్‌లోకి ఎక్కించడానికి మూడు గంటలు పడుతుంది, దగ్గరి దారి లేదు. పైగా ఇది ఒకరి ఇంటి సంగతి. విడిపోయిన జంట ఉండొచ్చు, పోయిన తండ్రి ఉండొచ్చు. అడిగి, ఏం చేయబోతున్నామో చెప్పి, తీసినదాన్ని మొదట ఆ ఇంటివాళ్లకే చూపించడం కనీస మర్యాద.

ఆ మర్యాద ఇంకా ఎక్కువగా కావాల్సిన ఫుటేజీ 2024 సెప్టెంబర్‌ది. బుడమేరు పొంగి సింగ్‌నగర్ మునిగింది. అదే రోజుల్లో ప్రకాశం బ్యారేజీ మీదుగా 11 లక్షల క్యూసెక్కులకు పైగా వరద వెళ్లింది. ఒకే నీటిని డాబాల మీది నుంచి వేలమంది ఫోన్లలో తీశారు. టీవీ చానెళ్లలో అవి కొద్ది సెకన్ల ముక్కలై, ఎర్రటి అక్షరాల కింద మాయమయ్యాయి. కానీ ఒక మనిషి మేడమీద నిలబడి నీళ్లు ఎంతవరకు వచ్చాయో చూస్తూ, మాట లేకుండా, ఏడు నిమిషాలు ఫోన్ పట్టుకుని ఉన్న వీడియోను కోయకుండా వేస్తే? వార్తకు పనికిరానిదే ఇక్కడ పనికొస్తుంది. ఆ నిశ్శబ్దం, ఫోన్ పట్టుకున్న చేతి వణుకు, ఎక్కడో పాల ప్యాకెట్ కోసం కేక. వరదను "చూపించడం" చానెళ్ల పని. వరదలో కాలం ఎలా గడుస్తుందో చెప్పగలిగింది ఈ రకం సినిమా ఒక్కటే.

సరుకు ఉంది, కెమెరా ఉంది. ఇక మిగిలింది గాంధీనగర్ అడిగే రెండో ప్రశ్న: ఎవరికి చూపిస్తావ్?

యూట్యూబ్ అనే జవాబు ఈ రకం సినిమాకు సరిపోదు. కారణం అభిరుచి కంటే ముందు సాంకేతికం. ఇంటర్నెట్ వీడియో పక్కపక్క ఫ్రేముల్లో మారనిదాన్ని వదిలేసి, మారినదాన్ని మాత్రమే పంపి పరిమాణం తగ్గించుకుంటుంది. మాట్లాడే ముఖానికి ఆ పద్ధతి బాగానే పనిచేస్తుంది. మినుకుమినుకు బొమ్మలు, గరుకు, పొగ, ప్రతి ఫ్రేములోనూ మారిపోయే రెక్కలు వస్తే అది చేతులెత్తేస్తుంది, తెర గళ్లుగళ్లుగా చెదిరిపోతుంది. చీకటి దృశ్యాల్లో నలుపు మెట్లుమెట్లుగా విడిపోతుంది. పైగా చూసేవాడి బొటనవేలు ఎప్పుడూ తెర మీదే ఉంటుంది. రెండు నిమిషాలు ఏమీ జరగని షాట్‌లో మూడో నిమిషంలో ఏదో జరుగుతుంది, అక్కడిదాకా ఆగేవాళ్లు తక్కువ. అదే షాట్ చీకటి గదిలో, పక్కన నలుగురు కూర్చుని ఉండగా చూస్తే ఆగుతారు.

పరిశ్రమకు బయట, సొంతంగా తీసి చూపించుకునే అండర్‌గ్రౌండ్ సినిమా చరిత్రను కెమెరాల చరిత్రగా చెప్పడం అలవాటు. గదుల చరిత్రగా చెబితే ఇంకా సత్యంగా ఉంటుంది. 1946 ఫిబ్రవరిలో మాయా డెరెన్ న్యూయార్క్‌లో ప్రొవిన్స్‌టౌన్ ప్లేహౌస్ అనే చిన్న నాటకశాలను తానే అద్దెకు తీసుకుని తన మూడు సినిమాలు వేసింది. ఎవరో పిలుస్తారని ఆగలేదు. దాన్ని చూసిన ప్రేరణతో ఆమోస్ వోగెల్ మరుసటి ఏడాది 'సినిమా 16' అనే సభ్యుల సంఘం పెట్టాడు. సభ్యత్వం ఎందుకంటే, సభ్యులకు మాత్రమే వేస్తే అక్కడి సెన్సార్ పట్టుకోదు. ఉచ్ఛదశలో దానికి 7,000 మంది సభ్యులు. 1962లో జోనస్ మెకాస్, ఆయన మిత్రులు పెట్టిన ఫిల్మ్ మేకర్స్ కోఆపరేటివ్ ఏ సినిమానూ "బాగోలేదు" అని తిప్పిపంపకూడదని నియమం పెట్టుకుంది. 1964లో జాక్ స్మిత్ సినిమా వేసినందుకు మెకాస్‌ను అరెస్టు కూడా చేశారు. విజయవాడలో అండర్‌గ్రౌండ్ అనే మాట వినగానే పెద్దవాళ్లకు కమ్యూనిస్టు పార్టీ మీద నిషేధం ఉన్న రోజుల అజ్ఞాతవాసం గుర్తొస్తుంది. సినిమాలో ఆ మాటకు అంత ప్రాణాపాయం లేదు కానీ, అప్పుడప్పుడూ రెండు అర్థాలూ ఇలా ఒకచోట కలుస్తాయి.

మన పొరుగున కేరళలో 1984లో జాన్ అబ్రహాం, మిత్రులు ఒడెస్సా కలెక్టివ్ పెట్టారు. ఊరూరా తిరిగి సినిమాలు వేసి, జనం దగ్గర చందాలు పోగుచేసి, ఆ డబ్బుతో 1986లో 'అమ్మ అరియాన్' పూర్తిచేశారు. సినిమా తీయకముందే ప్రేక్షకులు తయారయ్యారు. ఈ పద్ధతి ఈ ప్రాంతానికి కొత్తేమీ కాదు. 1943లో తెనాలిలో అభ్యుదయ రచయితల సంఘం పుట్టింది, అదే ఏడాది ప్రజా నాట్యమండలి బయలుదేరింది. గుంటూరు జిల్లాకు చెందిన నాజర్ బుర్రకథ ఊరూరా తిరిగి జనాన్ని కూర్చోబెట్టింది. పరిషత్తు నాటకాల పోటీలకు రాత్రంతా కూర్చునే జనం నిన్నమొన్నటిదాకా ఉన్నారు. కొత్త కథ చదివి పదిమంది కూర్చుని చీల్చి చెండాడే గోష్ఠులు ఇప్పటికీ జరుగుతున్నాయి. గాంధీనగర్‌లోనే, డిస్ట్రిబ్యూషన్ ఆఫీసుల పక్కనే, హనుమంతరాయ గ్రంథాలయం ఉంది. అక్కడ నాటకం ఆడతారు, సభ పెడతారు. ఆ అలవాటులోకి సినిమాను కూడా తీసుకురావడమే ఇప్పుడు కావాల్సింది.

చట్టం సంగతి తెలిసి దిగాలి. 1952 సినిమాటోగ్రాఫ్ చట్టం ప్రకారం బహిరంగ ప్రదర్శనకు సెన్సార్ సర్టిఫికెట్ ఉండాలి, సినిమా నాలుగు నిమిషాలదైనా సరే. మినహాయింపు ఇచ్చే అధికారం కేంద్రానికి ఉంది. ఫిల్మ్ సొసైటీలు, ఫెస్టివళ్లు ఆ వెసులుబాటు మీదే నడుస్తాయి. సత్యజిత్ రాయ్ అధ్యక్షుడిగా 1959లో ఏర్పడిన ఫిల్మ్ సొసైటీల సమాఖ్య ఇప్పటికీ ఉంది, దానికి అనుబంధంగా సొసైటీ నమోదు చేసుకోవడం సరైన దారి. అదయ్యేదాకా తీసినవాళ్లు, వాళ్ల మిత్రులు ఒక ఇంట్లో కూర్చుని తమ సినిమాలు తాము చూసుకోవచ్చు.

ఖర్చు కూడా పెద్దది కాదు. అద్దె ప్రొజెక్టర్, ముడతలు లేని తెల్ల దుప్పటి, మంచి స్పీకర్లు రెండు. ఏసీ లేని మూసిన గదిలో బెజవాడ వేసవిని తట్టుకోవడం కష్టం కాబట్టి మేడ మీద, ఏడున్నర తర్వాత, వీధి దీపం పడని మూల చూసుకోవాలి. ఫైలు ఎంత పెద్దదైనా అసలుదే వేయాలి, వాట్సాప్‌లో వచ్చినది వేయకూడదు. ఒక సాయంత్రానికి మూడో నాలుగో సినిమాలు, మొత్తం అరగంట దాటకూడదు. ఎందుకంటే ఈ రకం సినిమాకు ఉన్న గొప్ప సౌకర్యం రెండోసారి. మొదటిసారి చూశాక కాసేపు మాట్లాడుకుని, టీ తాగి, అదే సినిమా మళ్లీ వేయొచ్చు. మొదటిసారి అందరి కళ్లూ కథ కోసం వెతుకుతాయి. రెండోసారి వెతుకులాట ఉండదు. భోజనాల బంతిలో తల దించుకున్న మనిషి వెనక, స్తంభం దగ్గర, కెమెరా వైపే రెప్పవేయకుండా చూస్తున్న ఒక పిల్ల ఉందని అప్పుడు కనిపిస్తుంది.